జమ్ము ఆకు మీది నత్తకి గ్రీకు పేరు

1800లో లండన్‌లోని లిన్నేయన్ సొసైటీ తన ట్రాన్సాక్షన్స్ ఐదో సంపుటంలో మూడు పేజీల వ్యాసం ఒకటి అచ్చు వేసింది. రాసినాయన ఫ్రాన్సిస్ బుకానన్. స్కాట్లండ్ మనిషి, ఈస్టిండియా కంపెనీలో డాక్టరు. టిప్పు సుల్తాను పడిపోయాక మద్రాసు నుంచి మైసూరు, కెనరా, మలబారు దాకా తిరిగి, ఊరూరా పంటలు, పన్నులు, కులాలు, చెరువులు రాసుకున్న బుకానన్ ఈయనే. ఆ ప్రయాణం గురించి చరిత్ర పుస్తకాల్లో తరచూ చదువుతాం. ఈ మూడు పేజీల గురించి మాత్రం నత్తల మీద పనిచేసేవాళ్ళకి తప్ప పెద్దగా ఎవరికీ తెలీదు.

వ్యాసం బెంగాల్లో దొరికిన ఒక జీవి గురించి. నత్తలా ఉంది, కానీ గుల్ల లేదు. వీపంతా గరుకు, బుడిపెలు. బుకానన్‌కి అది జమ్ము ఆకుల మీద కనబడింది. కొల్లేరు చుట్టుపక్కల, చెరువు గట్ల వెంట మనిషెత్తు పెరిగే జమ్ము మనకి తెలిసిందే కదా. దాని చుట్టమే అక్కడి జమ్ము, ఇంకాస్త భారీది. దాని లాటిన్ పేరు టైఫా ఎలిఫాంటినా, అంటే ఏనుగు జమ్ము. ఈ మొక్క పేరు పక్కన వృక్షశాస్త్రం రాక్స్‌బర్గ్ పేరు రాస్తుంది. మన సామర్లకోటలో ఏళ్ళ తరబడి ఉండి కోరమాండల్ తీరపు మొక్కల్ని బొమ్మలు గీయించి, 1793లో కలకత్తా బొటానికల్ గార్డెన్‌కి వెళ్ళిన విలియం రాక్స్‌బర్గే ఆయన.

ఆ జీవికి బుకానన్ పెట్టిన పేరు ఆంకిడియం టైఫే. రెండో మాట సులువు: జమ్ము మీద ఉండేది. మొదటి మాట కథే ఈ వ్యాసం. నిఘంటువుల్లో ఆంకిడియం అన్న చోట సాధారణంగా ఒక్క వాక్యం ఉంటుంది, ఉష్ణమండలపు గుల్ల లేని నత్తల ప్రజాతి అని. ఆ ఒక్క వాక్యం వెనక రెండొందల ఏళ్ళ పెంపకాలు, విడాకులు, ఆస్తి పంపకాలు ఉన్నాయి.

ముందు అర్థం చూద్దాం. మూలం గ్రీకు మాట ఆంకోస్. గ్రీకులో ఈ మాటకి రెండు అర్థాలు: ఒకటి కొక్కెం, బాణం ములికి లాంటిది. రెండోది ముద్ద, వాపు, బరువు. బుడిపెల వీపు చూసినవాళ్ళకి రెండోదే సరిపోతుందనిపిస్తుంది. ఈ రెండో అర్థం నుంచే ఆంకాలజీ వచ్చింది. హాస్పిటల్ బోర్డు మీద చూడగానే గుండె జారే మాటా, బురదలో పాకే నత్త పేరూ ఒకే వేరు నుంచి మొలిచాయి. కణితి అన్నా బుడిపె అన్నా గ్రీకువాడికి ఒకటే ముద్ద.

ఇంకో విచిత్రం. సరిగ్గా అదే 1800లో, స్వీడన్లో ఓలోఫ్ స్వార్ట్స్ అనే వృక్షశాస్త్రవేత్త ఒక ఆర్కిడ్ ప్రజాతికి ఆన్సీడియం అని పేరు పెట్టాడు. అదే గ్రీకు మాట నుంచి, పువ్వు పెదవి మీది బుడిపెని చూసి. లాటిన్ స్పెల్లింగులో రెండింటికీ తేడా ఒక్క అక్షరం. ఇప్పుడు పూల కుండీల నర్సరీల్లో మంచి ధరకి అమ్మే పసుపు పచ్చని డాన్సింగ్ లేడీ ఆర్కిడ్లు ఈ ప్రజాతివే. పువ్వూ, నత్తా ఒకే ఏడు ఒకే పేరుకి పుట్టిన కవలలు.

ఆ ఒక్క అక్షరం తేడా లేకపోయినా ఏ గొడవా ఉండేది కాదు. జంతువుల పేర్లకి ఒక నియమావళి, మొక్కల పేర్లకి వేరే నియమావళి. ఒక జంతు ప్రజాతికి పెట్టిన పేరు ఇంకో జంతు ప్రజాతికి పెట్టకూడదు, మొక్కకి పెట్టొచ్చు. కోడ్ రాసేవాళ్ళకి ఇది కొత్త కాదు, రెండు వేర్వేరు నేమ్‌స్పేస్‌లు. నాకు టాక్సానమీ మీద మోజు పుట్టింది ఇక్కడే. పేర్లు పెట్టడం కంప్యూటర్ సైన్సులో కష్టమైన పనుల్లో ఒకటని మా వృత్తిలో పాత జోకొకటి ఉంది. జంతుశాస్త్రజ్ఞులు ఆ కష్టాన్ని 1758 నుంచీ పడుతున్నారు, అదీ పాత పేర్లని ఎప్పటికీ డిలీట్ చేసే వీల్లేకుండా.

1758 అంటే లిన్నేయస్ సిస్టమా నాచురే పదో ముద్రణ. జంతువుల పేర్ల లెక్క అక్కడి నుంచే మొదలు. అందులో వెన్నెముక లేని జీవుల్లో కీటకాలు, పీతల్లాంటివి పోగా మిగిలినవన్నీ వెర్మెస్ అనే ఒకే సంచిలో ఉన్నాయి. వెర్మెస్ అంటే పురుగులు. వానపాము అందులోనే, జలగ అందులోనే, నత్త అందులోనే, ఆక్టోపస్ బంధువులూ అందులోనే. బుకానన్ కూడా తన వ్యాసం శీర్షికలో ఆంకిడియంని వెర్మెస్ తరగతిలో కొత్త ప్రజాతి అనే రాశాడు.

ఈ సంగతి ఎందుకు ముఖ్యమంటే, వానాకాలం రాత్రి బాత్రూమ్ తలుపు కిందనుంచో, తులసి కుండీ వెనకనుంచో నల్లగా, చదునుగా, తడిగా ఒకటి పాకుతూ కనబడితే మన ఇళ్ళల్లో చాలామంది అనే మాట "అమ్మో, జలగ!" బయాలజీ చదివినవాళ్ళు నవ్వుతారు. జలగ వానపాము వైపు చుట్టం, ఇది గవ్వల వైపు చుట్టం అని సరిదిద్దుతారు. సరిదిద్దడం మంచిదే. కానీ రెండింటినీ ఒకే సంచిలో వేసినవాళ్ళలో లిన్నేయస్ కూడా ఉన్నాడు. మెత్తగా, తడిగా, కాళ్ళూ గుల్లా లేకుండా ఉన్నదాన్ని చూసి పురుగు అనుకోవడం కళ్ళు సహజంగా చేసే పనే. ఆ సంచి విప్పింది చూపు కాదు, కత్తి.

కత్తి పట్టుకున్నవాడు పారిస్‌లో కువియే. 1804లో ఆయన ఆంకిడియం శరీర నిర్మాణం మీద ఒక వ్యాసం రాశాడు. కోసింది బెంగాల్ జీవిని కాదు, హిందూ మహాసముద్రంలోని మారిషస్ నుంచి పెరాన్ అనే యాత్రికుడు తెచ్చిన సముద్రతీరపు జీవిని. అది జమ్ము మీద కాక అలలు తాకే రాళ్ళ మీద బతికేది. అయినా కువియే దాన్ని ఆంకిడియం పెరోనీ అన్నాడు. యూరప్‌లో ఆయన మాటే వేదం కాబట్టి, ఆంకిడియం అంటే బుకానన్ జీవి బదులు కువియే జీవే అందరి కళ్ళ ముందూ నిలిచింది. ఒక మాట అసలు యజమాని ఇల్లు వదిలి, పేరున్న పెద్దాయన ఇంట్లో స్థిరపడిపోయింది.

అక్కణ్ణుంచి గుల్ల లేకుండా, ఉష్ణమండలంలో ఉండి, చదునుగా ఉన్న ప్రతిదాన్నీ ఈ పేరు కింద పడేయడం తేలికైంది. సముద్రం ఒడ్డువీ, మడ అడవులవీ, తోటల్లోవీ కూడా. నేల మీది వాటిని విడదీసే ప్రయత్నం ఇద్దరు ఫ్రెంచివాళ్ళు చేశారు. 1817లో బ్లాన్‌విల్ వెరోనిసెల్లా అన్నాడు. 1822లో ఫెరుసాక్ వాజినులస్ అన్నాడు. పందొమ్మిదో శతాబ్దంలో ఈ రెండు పేర్లూ పక్కపక్కనే నడిచాయి, రెండోది తరచూ వాజినులా అనే రూపంలో. చివరికి కుటుంబం పేరుగా మిగిలింది మొదటిదే: వెరోనిసెల్లిడే.

వాజినులా అనే మాట చూసి ఇప్పటివాళ్ళు ఇబ్బందిగా కదులుతారు. లాటిన్లో దాని మూలానికి అర్థం ఒర, కత్తిని దాచే ఒర. వాజినులా అంటే చిన్న ఒర, అంతే. ఈ నత్తల వీపు మీద తోలులాంటి కప్పు తలనుంచి తోకదాకా ఒకే ముక్కగా ఉంటుంది. జీవి భయపడితే కొమ్ములూ తలా ఆ కప్పు కిందకి లాక్కుంటుంది, కత్తి ఒరలోకి జారినట్టు. శరీర శాస్త్రంలోకి వెళ్ళిన అర్థం అదే మాటకి తర్వాత తొడిగిన ఉపమానం. స్పెయిన్‌వాళ్ళు ఇదే మాట నుంచి చిన్న కాయ అనే అర్థంలో వైనిల్యా చేసుకున్నారు. మన ఐస్‌క్రీమ్ పార్లర్‌లో వెనిలా అదే. ఒక లాటిన్ ఒరలోంచి డాక్టర్ల పుస్తకం, ఐస్‌క్రీమ్ కప్పు, పెరటి నత్త మూడూ బయటకొచ్చాయి.

1822లో ఫెరుసాక్ పేరు పెట్టిన నత్తల్లో వాజినులస్ ఆల్టె ఒకటి. దాని నమూనా పారిస్ వెళ్ళింది అప్పటి ఫ్రెంచి పాండిచ్చేరి నుంచి. ఇప్పుడు దాని పేరు లేవికాలిస్ ఆల్టె. మన ఇళ్ళల్లో "అమ్మో, జలగ!" అనిపించుకునేది చాలాసార్లు ఇదే: నల్లటి తోలు ముక్కలాంటిది, వీపు మధ్యన సన్నటి లేత గీతతో. తమాషా ఏంటంటే పేరు పుట్టింది పాండిచ్చేరిలో అయినా, జాతి పుట్టిల్లు ఆఫ్రికా అని ఇవాళ్టి పండితుల అభిప్రాయం. మొక్కలతో, మట్టితో, ఓడలతో ఎప్పుడో వచ్చేసింది. ఆస్ట్రేలియా, పసిఫిక్ దీవులదాకా కూడా పాకేసింది. నత్తనడక అని మనం ఎగతాళి చేస్తాం గానీ, ఈ నత్త నడక తక్కువదేం కాదు.

ఈ కుటుంబంలో పైనుంచి చూసి ఏది ఏదో చెప్పడం చాలా కష్టం. లోపలి జననాంగాలు కోసి చూస్తే తప్ప తేలదు. లేవికాలిస్ అంటే నున్నటి కాడ అని అర్థం. కోసి చూసినవాళ్ళు పెట్టిన పేరు. ఇంట్లోవాళ్ళకి కనబడే నల్లటి తోలు గురించి ఆ పేరులో ఒక్క ముక్క లేదు.

ఆంకిడియం మాటకి తిరిగొద్దాం. 1877లో జర్మన్ శాస్త్రవేత్త కార్ల్ సెంపర్ ఈ మాటకి కీర్తి తెచ్చిపెట్టాడు. ఫిలిప్పీన్స్‌లో ఏళ్ళపాటు తిరిగిన మనిషి. ఆంకిడియంల వీపు మీది బుడిపెల్లో కొన్నిటి మీద కళ్ళున్నాయని, ఆ కళ్ళ నిర్మాణం వెన్నెముక ఉన్న జంతువుల కళ్ళ తరహాలో ఉందని ఆయన రాశాడు. మన కంటిలో నరం రెటీనాని చీల్చుకుని వెనక్కి వెళ్తుంది. ఆ నత్త వీపు కంట్లోనూ అంతే. బురద మీద గెంతే చేపలు ఈ నత్తల్ని వేటాడతాయని, వాటిని కనిపెట్టడానికే ఈ కళ్ళు వచ్చాయని సెంపర్ ఊహ. డార్విన్ పుస్తకం వచ్చి ఇరవై ఏళ్ళు కూడా కాలేదు. కన్ను ఎలా పుట్టిందన్న ప్రశ్న మీద యూరప్ కొట్టుకుంటున్న రోజులు. అలాంటప్పుడు మనతో ఏ సంబంధం లేని నత్త వీపు మీద మన కంటి ప్లాను దొరకడం మామూలు సంగతి కాదు.

తర్వాత ఈ మాట ల్యాబుల్లోకి వెళ్ళింది. 1948లో బొంబాయి విశ్వవిద్యాలయం ఆవటి, కరందికర్‌లు రాసిన ఆంకిడియం వెర్రుక్యులేటం అధ్యయనాన్ని ప్రచురించింది. శరీర నిర్మాణం, పిండాభివృద్ధి, జీవన విధానం అన్నీ అందులో ఉన్నాయి. జపాన్‌లో నాడీ శాస్త్రజ్ఞులు అదే జాతి నాడీకణాలు వెలుతురుకి ఎలా స్పందిస్తాయో చూస్తూ ఎన్నో పరిశోధనా పత్రాలు రాశారు. ఇవన్నీ ఆంకిడియం పేరు మీదే ఉన్నాయి. కానీ ఆ జాతి ఆంకిడియం కాదు. ఇప్పుడు దాని పేరు పెరోనియా వెర్రుక్యులేటా. మారిషస్ నుంచి నత్తల్ని మోసుకొచ్చిన ఆ పెరాన్ పేరు మీద 1822లోనే పెట్టిన ప్రజాతి పెరోనియా. కువియే కోసిన జీవి కూడా చివరికి అక్కడికే చేరింది.

2016లో బెన్వా దేరా బృందం జూకీస్ పత్రికలో ఈ ప్రజాతిని డీఎన్ఏతో, కోతతో, పాత కాగితాలతో మళ్ళీ పరిశీలించింది. రెండొందల ఏళ్ళుగా ఉబ్బిన మాటని పిండితే ఆంకిడియంలో మిగిలింది మూడు జాతులు. టైఫే అందులో ఒకటి. మిగతావాటిని వేర్వేరు ప్రజాతులకి పంచుతున్నారు. అంటే పేరు చివరికి బుకానన్ జీవి దగ్గరికే తిరిగొచ్చింది. మన కోరింగ లాంటి మడ అడవుల బురద దాని ఇల్లు.

ఇందులో ఒక చిన్న ముల్లు ఉంది. 1800 నాటి అచ్చులో రచయిత పేరు స్పెల్లింగులో ఒక ఎన్ ఎక్కువ పడింది. అందుకని ఇప్పటికీ శాస్త్రజ్ఞులు ఆంకిడియం పక్కన ఆ ఎక్కువ ఎన్‌తోనే ఆయన పేరు రాస్తారు. బుకానన్ మైసూరు పుస్తకం రాశాడు, బెంగాల్ సర్వేలు చేశాడు, తర్వాత తల్లి వైపు ఆస్తి వచ్చి హామిల్టన్ అయ్యాడు. నత్తల జాబితాలో మాత్రం అచ్చుతప్పుగానే మిగిలిపోయాడు.

నాకు నిజంగా గుచ్చుకునే ప్రశ్న వేరే ఉంది. ఇదే మనిషి 1822లో గంగానది చేపల మీద పుస్తకం వేశాడు. అందులో చేపలకి పెట్టిన జాతి పేర్లు చూడండి: రోహిత, కట్ల, కాల్బసు. బెంగాల్ జాలర్ల నోట్లో ఉన్న మాటల్ని అలాగే తీసుకున్నాడు. మన చేపల మార్కెట్లో కట్ల అంటే ఆ శాస్త్రీయ నామంలో సగం పలికినట్టే. స్థానిక మాటలంటే ఆయనకి చిన్నచూపు లేదన్నమాట. మరి జమ్ము మీది నత్తకి గ్రీకు దాకా ఎందుకు వెళ్ళాడు?

తెలుగు వైపు చూస్తే జవాబు కొంత దొరుకుతుంది. జంతుశాస్త్రంలోకి తెలుగు మాటలు వెళ్ళాయి. కట్లపాముల ప్రజాతి పేరు బంగారస్. విశాఖపట్నంలో పనిచేసిన పాట్రిక్ రసెల్ 1796లో వేసిన పాముల పుస్తకంలో రాసుకున్న బంగారు పాము నుంచి వచ్చింది. పందికొక్కు నుంచి ఇంగ్లీషు బాండికూట్, దాని నుంచి బాండికోటా ప్రజాతి వచ్చాయి. ఇంగ్లీషు మాట ఆస్ట్రేలియాదాకా వెళ్ళి, ఎలుకలతో ఏ చుట్టరికమూ లేని సంచి జంతువుకి అతుక్కుంది. పాము చంపుతుంది కాబట్టి దానికి పేరుంది. పందికొక్కు ధాన్యం తింటుంది కాబట్టి దానికి పేరుంది. రోహితని మనం తింటాం కాబట్టి దానికీ పేరుంది. భయం, నష్టం, ఆకలి ఈ మూడే జానపద నిఘంటువుని రాసేది. ఈ మూడింటిలో దేనికీ రాని జీవి పేరు లేకుండా మిగులుతుంది. తెల్లవాడు అడిగితే చెప్పడానికి జనం దగ్గర ఖచ్చితమైన మాట ఉంటే కదా, ఆయన రాసుకోవడానికి! బుకానన్ అడిగాడో లేదో గానీ, ఎవరికీ పట్టని చిన్న జీవికి గ్రీకు తప్ప దిక్కు లేకపోయి ఉండాలని నా ఊహ.

ఇది మన భాష బీదతనం అనుకోనక్కర్లేదు. ఇంగ్లీషులో కూడా స్లగ్ అంటే మొదట బద్ధకస్తుడు. ఈ జీవికి ఆ పేరు అంటుకుంది సుమారు 1700 తర్వాతే, అంతకుముందు గుల్ల ఉన్నా లేకున్నా స్నెయిలే. జర్మన్‌లో ఇప్పటికీ నగ్న నత్త అనే అంటారు. మనం గుల్ల లేని నత్త అంటాం, తమిళులూ ఓడు లేని నత్తై అంటారు. దగ్గర లేని వస్తువుతో మనిషిని పిలిచినట్టు, లేని గుల్లతోనే దీన్ని గుర్తుపడుతున్నాం. ఇక వ్యవసాయ శాఖ కరపత్రాల్లో స్లగ్స్ అని ఇంగ్లీషు మాటే తెలుగులిపిలో కూర్చుంది.

కానీ ఇప్పుడు ఈ జీవి మన పట్టింపులోకి వచ్చేసింది. టెర్రస్ మీద పెంచుకునే పాలకూర, తోటకూర తింటోంది. ఎలుకల ఊపిరితిత్తుల నులిపురుగుకి మధ్యలో ఆశ్రయమిచ్చే జీవుల్లో లేవికాలిస్ ఆల్టె కూడా ఉంది. ఆ పురుగు పిల్లలు కడగని పచ్చి ఆకుల ద్వారా మనిషిలోకి వెళ్తే మెదడు పొరలకి వాపు రావచ్చు. జలగ అనుకున్నవాడు రక్తం పీలుస్తుందని భయపడి ఉప్పు చల్లుతాడు, అది నీరు కారి గిలగిలా చస్తుంది, ఆయన నిశ్చింతగా వెళ్ళి పడుకుంటాడు. నత్త అని తెలిసినవాడు దాన్ని ఉత్త చేత్తో ముట్టుకోడు, ఏ కాగితంతోనో తీసి అవతల పడేస్తాడు, పొద్దున్నే ఆకుకూర రెండుసార్లు కడుగుతాడు. తప్పు పేరు తప్పు భయాన్నిస్తుంది, అసలు జాగ్రత్తని మరిపిస్తుంది.

అందుకని లాటిన్ పేర్లు అందరూ బట్టీ పట్టాలని నేననను. ఆంకిడియం, వాజినులా, లేవికాలిస్ ఇవన్నీ ఒకరి బల్ల మీద ఇంకొకరు సర్దుకున్న పేర్లు. మన పెరట్లో నడిచేదానికి మన నోట్లో నలిగే మాట కావాలి. ఒరనత్త అనొచ్చేమో. తోలునత్త అనొచ్చు. ఈ పాటికే ఏ పల్లెలోనో, ఏ ఆకుకూరల మడి గట్టు మీదో ఒక మాట ఉండే ఉంటుంది, బుకానన్ లాంటివాడి నోట్‌బుక్‌లోకి ఎక్కక మనదాకా రానిది. మీ అమ్మమ్మనో, మేనత్తనో, ఆకుకూరలమ్మే అవ్వనో ఒకసారి అడిగి చూడండి. ఆవిడ చెప్పే మాట రాసిపెట్టుకోండి, పక్కన ఊరి పేరు కూడా వేసి.